తలుపునకు అంటించడమైనది

జూలై 9

ఇవాళ బాకీదారులకి ఇవ్వాల్సిన నోటీసులు పద్నాలుగు. పద్నాలుగూ అయిపోయాయి. సాయంత్రం రిజిస్టరు చూసి సెక్రటరీ గారు, "నీలాంటివాడు ఇంకొకడుంటే మన సొసైటీలో మొండి బాకీ అన్న మాటే వినపడదయ్యా" అన్నారు. ఈ ఏడాదిలో ఆయన నన్ను మెచ్చుకోవడం ఇదే మొదలు. అందుకని రాసి పెట్టుకుంటున్నాను.

పొద్దున్నుంచీ వాన. వాగు పొంగింది. మోకాలు పట్టేసింది. పదకొండు నోటీసులు చేతికిచ్చి సంతకాలు తీసుకున్నాను. మిగతా మూడూ టీకొట్టులో కూర్చుని పూర్తిచేశాను. ఫారం వెనక టీకొట్టు బావ, సైకిల్ షాపు అతను సాక్షి సంతకాలు ఎప్పుడో పెట్టేశారు. నెల మొదట్లో పాతిక ఫారాల మీద ఒకేసారి పెట్టించుకోవడం అలవాటు. పేరు, తారీఖు రాస్తే చాలు. మిగతాదంతా అచ్చులోనే ఉంది: "సదరు వ్యక్తి ఇంటి వద్ద లేనందున, నోటీసును తలుపునకు అంటించడమైనది."

నాకు ముందున్నాయన నేర్పిన పద్ధతే ఇది. ఇరవై రెండేళ్లుగా నడుస్తోంది.

జూలై 10

మోకాలికి కాపడం. వాన తగ్గింది.

జూలై 13

బాకీ ఉన్నట్టు ఆ ముగ్గురికీ తెలుసు. నోటీసు చేతికందితే కొత్తగా తెలిసేదేముంది? పైగా వాగు పొంగింది.

ఆగస్టు 21

సొసైటీ హాల్లో బాకీల విచారణ. పట్నం నుంచి విచారణాధికారి వచ్చారు. ఈసారి ఆడమనిషి, కొత్తగా వచ్చారు. కళ్లజోడు దారంతో మెడకి తగిలించుకుంటారు. అందరం మేడమ్ అంటున్నాం.

మూడుసార్లు పిలవడం నా పని. వరండా మెట్టు మీద నిలబడి ఆవరణలోకి చూస్తూ పేరు పెట్టి పిలవాలి. మనిషి పలికితే లోపలికి పంపాలి. పలకకపోతే లోపలికెళ్లి "పిలిచాను, హాజరు కాలేదు" అని చెప్పాలి.

పన్నెండో పేరు వాగు అవతల ఉండే పిండిమర అక్కది. మూడేళ్ల కిందట మరకి మోటారు కోసం అప్పు తీసుకుంది. రెండుసార్లు మామూలుగా పిలిచాను. మూడోసారి గట్టిగా పిలిచాను. ఆవరణలో పడుకున్న కుక్క లేచి చూసి మళ్లీ పడుకుంది.

"నోటీసు అందిందా?" అని మేడమ్ అడిగారు. సెక్రటరీ గారు నా ఫారం తీసి ముందు పెట్టారు. ఆవిడ చదివి, "తలుపుకి అంటించారు. సరే" అని రాసేశారు. మనిషి లేకుండానే తీర్పు. ఎక్స్‌పార్టీ అంటారు. మొత్తం బాకీ, దాని మీద అపరాధ వడ్డీ. కట్టకపోతే మర, మర ఉన్న షెడ్డు వేలం. నాలుగు నిమిషాలు పట్టింది.

మిగతా ఇద్దరిలో ఒకాయన ఎవరో చెబితే విని వచ్చాడు. ఇంకొకాయన ముందురోజే కట్టేశాడు. అంటే ఈ పద్ధతి వల్ల పెద్దగా నష్టమేమీ లేదు.

సెప్టెంబరు 30

జప్తు ఆఫీసరుతో కలిసి పిండిమర దగ్గరకి వెళ్లాను. వాగు నడిచే దాటాం.

మర నడుస్తోంది. ఆ చప్పుడుకి మేం వచ్చింది అక్కకి వినపడలేదు. గుమ్మానికి అడ్డంగా మంచం వేసుకుని వాళ్ల అత్త కూర్చుంది. ఆవిడకి చెవుడు. "జొన్నలా, గోధుమలా?" అని అడిగింది.

"జప్తుకి వచ్చాం పెద్దమ్మా" అన్నాడు ఆఫీసరు.

"అలాగే నాయనా. తూకం వేసి ఆ పక్కన పెట్టు. సాయంత్రం వచ్చి పట్టుకుపో."

అక్క మోటారు ఆపి బయటికి వచ్చింది. కనుబొమల మీదంతా పిండి. ఆఫీసరు తీర్పు కాగితం చదివాడు. ఆమె రెండుసార్లు చదివించుకుంది.

"ఎవరు తీర్పు చెప్పారు? నన్నెవరు అడిగారు?"

"విచారణ పెట్టాం. నువ్వు రాలేదు."

"నాకెవరు చెప్పారు రమ్మని?"

"నోటీసు ఇచ్చారు కదమ్మా. ఇదిగో, ఈయనే."

అక్క నా వైపు తిరిగింది. "ఏం తమ్ముడూ, ఎప్పుడిచ్చావు నాకు?"

ఆమె మొహం చూడలేక గుమ్మం వైపు చూశాను. ద్వారబంధం ఉంది. తలుపులు లేవు. మడతబందులు ఊడదీసిన చోట చిల్లులున్నాయి. వాటిలో గుడ్డపీలికలు కుక్కి ఉన్నాయి. లోపల గోడకి ఒక రేకు చేరేసి ఉంది. మర కట్టేశాక గుమ్మానికి అడ్డం పెట్టుకుంటారు కాబోలు.

ఆఫీసరు అది చూడలేదు. మోటారు మీద నంబరు రాసుకుంటున్నాడు.

"కాగితాలన్నీ సరిగ్గానే ఉన్నాయి" అన్నాను.

అక్టోబరు 1

తలుపు లేదు.

అక్టోబరు 2

గోడకి అంటించినా అంటించినట్టే లెక్క. ద్వారబంధానికి అంటించినా సరే. అంటించి ఉంటే.

అక్టోబరు 7

పిండిమర అక్క ఆఫీసుకి వచ్చింది. పది గంటల నుంచి బల్ల మీద కూర్చుంది. పన్నెండున్నరకి సెక్రటరీ గారు లోపలికి పిలిచారు.

"నా చేతుల్లో ఏముందమ్మా? తీర్పు అయిపోయింది."

"నేను లేకుండా ఎలా అయిపోతుంది?"

"నువ్వు లేవు కాబట్టే అయిపోయింది."

"పిలవకుండా ఎలా వస్తానండీ?"

"పిలిచాడుగా. మూడుసార్లు. ఇదిగో, ఇతనే." సెక్రటరీ గారు నన్ను చూపించారు. ఈ మధ్య అందరూ నన్నే చూపిస్తున్నారు.

ఆయన చెడ్డమనిషి కాదు. నెలకోసారి పైవాళ్లు ఫోన్ చేసి వసూలు శాతం ఎంత అని అడుగుతారు. ఆ రోజు ఆయన అన్నం తినరు.

ఆమె వెళ్తుంటే గేటు దాకా వెనకే వెళ్లాను. తీర్పు సంగతి తెలిసిన రోజు నుంచి ముప్పై రోజుల లోపల అర్జీ పెట్టుకోవచ్చని చెప్పాను. నోటీసు అందలేదు, ఆ తీర్పు కొట్టేసి నా మాట విని మళ్లీ తేల్చండి అని రాస్తే చాలు.

"ఎవరికి ఎంత ఇవ్వాలి?"

"ఎవరికీ ఏమీ వద్దు. అర్జీ ఒక్కటే."

"నోటీసు ఇచ్చానన్నది నువ్వు. ఇవ్వలేదని అర్జీ పెట్టుకోమంటున్నదీ నువ్వే. నీకేమైనా తిక్కా?"

ఎందుకు చెప్పానో నాకూ తెలియదు. వాన మాత్రం నిజం. వాగు పొంగింది.

అక్టోబరు 9

వాగు పొంగలేదు. చీలమండ దాకా కూడా లేదు.

అక్టోబరు 27

అక్క అర్జీ పెట్టింది. నవంబరు 14న విచారణ. నోటీసు ఇచ్చినవాడు వచ్చి చెప్పాలని నాకే నోటీసు వచ్చింది. ఇరవై రెండేళ్లలో నా పేరు మీద వచ్చిన మొదటి నోటీసు ఇది. నాకు నేనే ఇచ్చుకుని నేనే సంతకం పెట్టాను.

సెక్రటరీ గారు తలుపు దగ్గరగా వేసి కూర్చోమన్నారు. ఆ గదిలో నేను ఎప్పుడూ కూర్చోలేదు.

"ఒక్కటే మాట. అంటించానండి. అంతే. రెండో మాట వద్దు."

"అక్కడ తలుపు లేదు సార్."

"ఇప్పుడు లేదు. జూలైలో ఉంది. జూలైలో నువ్వు చూశావుగా?"

ఆయన నా మొహం చూసి పెన్నుకి మూత పెట్టారు. ఆయనకి అప్పుడే తెలిసిందనుకుంటాను.

"మన దగ్గర నీ ఇంటి మరమ్మతు అప్పు ఇంకా ఎంతుంది?" అని అడిగారు. ఎంతుందో చెప్పాను. "ఊ" అన్నారు.

నవంబరు 2

టీకొట్టు బావ డబ్బులు తీసుకోలేదు. అలా చేశాడంటే ఏదో ఉందన్నమాట.

"రేపు నన్ను కూడా పిలిస్తే ఏం చెప్పాలి బావా? నేను ఆ వాగు దాటి పదేళ్లయింది. అవతల ఒకడికి బాకీ ఉన్నాను. అందుకే అటు వెళ్లను."

"ఏం చెప్తావో నీ ఇష్టం."

"నా సంతకం నన్ను అడక్కుండా వాగు దాటేసింది చూడు" అన్నాడు. ఇద్దరం నవ్వాం కానీ ఎక్కువసేపు కాదు. వచ్చే నెల నుంచి ఖాళీ ఫారాలు తేవద్దన్నాడు.

నవంబరు 13

మా ఆవిడకి చెప్పాను. కూర తరుగుతోంది. కత్తి ఆపలేదు.

"ఎన్ని?"

"మూడు."

"ఈసారి మూడా, మొత్తం మూడా?"

నేను గ్లాసు తీసుకుని నీళ్లు ముంచుకున్నాను. ఆవిడ కత్తి ఆపింది.

"ఉద్యోగం పోతుందా?"

"పోకపోవచ్చు. జీతంలో కోత పడుతుంది."

"మోకాలి ఆపరేషన్‌కి దాచిన డబ్బు తియ్యాలా?"

"తియ్యాల్సి రావచ్చు."

"సరే, ఇంకో ఏడాది కుంటండి" అంది. తర్వాత చాలాసేపటికి, అన్నం వడ్డిస్తూ, "మనింటికి ఇవ్వని కాగితం ఇచ్చామని రాసి మన ఇల్లు వేలానికి పెడితే మీరు ఊరుకుంటారా?" అని అడిగింది.

రేపు చెప్పేది ఇంకా తేల్చుకోలేదు. మధ్యే మార్గం ఒకటి తోచింది. "తలుపు లేదు, గోడకి అంటించాను" అంటే సరిపోతుంది. అక్క మాట నిలుస్తుంది, సొసైటీ మాట కూడా నిలుస్తుంది.

నవంబరు 14

అదే హాలు. వరండా మెట్టు మీద నిలబడి అక్క పేరు పిలిచాను. ఆమె నా పక్కనే, కింది మెట్టు మీద ఉంది.

"ఇక్కడే ఉన్నాను. చెవులు పగిలేలా అరవకు" అంది. బయట కూర్చున్నవాళ్లు నవ్వారు.

వకీలును పెట్టుకోలేదు. పిండి అంటిన గుడ్డసంచి ఒకటి తెచ్చుకుంది. మేడమ్ కూర్చోమన్నారు. ఆమె నిలబడే మాట్లాడింది.

"నోటీసు అందలేదంటున్నావు. ఇక్కడ తలుపుకి అంటించినట్టు ఉంది. ఇద్దరు సాక్షులు కూడా ఉన్నారు."

"మాకు తలుపు లేదమ్మా."

"తలుపు లేకపోవడమేంటి?"

"అమ్మేశాను. మార్చిలో. రెండు రెక్కలూ. మా మామ చేయించినవి, మంచి కర్ర. ఆ డబ్బే తెచ్చి ఇక్కడ వాయిదా కట్టాను." సంచిలోంచి రశీదు తీసి బల్ల మీద పెట్టింది. మార్చి 17 తారీఖు ఉంది. సొసైటీ ముద్ర ఉంది.

మేడమ్ రశీదు తిప్పి చూశారు. "మరి తలుపు లేకుండా ఎలా ఉంటున్నారు?"

"పగలు మా అత్తే తలుపు. గుమ్మానికి అడ్డంగా మంచం వేసుకుని కూర్చుంటుంది. ఆవిణ్ణి దాటి పిల్లి కూడా లోపలికి రాదు. ఈయన ఆ కాగితం మా అత్తకే అంటించాడేమో, అడగండి."

హాలంతా నవ్వు. మేడమ్ మాత్రం నవ్వలేదు.

సెక్రటరీ గారు లేచారు. "రశీదులో నగదు అని ఉంది మేడమ్. తలుపు అమ్మిన డబ్బని లేదు. తలుపులు మార్చిలో తీశారో, ఆగస్టులో తీశారో ఎవరు చూశారు? మావాడు జూలైలో అంటించాడు."

"అవును. ఎవరు చూశారు?" అని మేడమ్ నా వైపు తిరిగారు. "మీరు వెళ్లిన రోజు అక్కడ తలుపు ఉందా, లేదా?"

దారి పొడుగునా వల్లె వేసుకున్న మాట నోట్లోనే ఉంది. ఉంది అంటే అబద్ధం. అది తెలిసిందే. లేదు అన్నా అబద్ధమేనని అక్కడ నిలబడ్డాక గాని తెలియలేదు. లేదు అనాలంటే నేను ఆ రోజు వెళ్లి చూసి ఉండాలి.

"నేను వెళ్లలేదండి" అన్నాను.

సెక్రటరీ గారు కూర్చున్నారు. మేడమ్ రాసుకున్నారు. "ఎందుకు వెళ్లలేదు?"

"వానండి. మోకాలు నొప్పి. వాగు పొంగలేదండి."

వాగు సంగతి ఎవరూ అడగలేదు.

"మరి సాక్షులు?"

"ముందే సంతకాలు పెట్టించి ఉంచుతాం."

"ఎన్ని?"

"పాతిక పెట్టించాం. ఇంకా ఎనిమిది ఉన్నాయి."

తెమ్మన్నారు. బీరువాలోంచి తెచ్చి ఇచ్చాను. ఒక్కొక్కటీ లెక్కపెట్టి, అన్నింటి మీదా అడ్డంగా గీత కొట్టి, తన ఫైల్లో పెట్టుకున్నారు. తీర్పు తర్వాత పంపుతామన్నారు.

అక్క బయట చెప్పులు వేసుకుంటోంది. దగ్గరకెళ్లి నిలబడ్డాను.

"ఏమయ్యా, నిజం చెప్పావని దండ వెయ్యాలా?"

"వద్దక్కా."

"నాలుగు నెలలు ఆలస్యంగా చెప్పావు. జరుగు, బస్సు వెళ్లిపోతుంది."

జరిగాను. నేను నడిచే ఇంటికొచ్చాను. మోకాలు నొప్పి అలాగే ఉంది. అయినా దారిలో ఎక్కడా ఆగలేదు.

నవంబరు 15

ఏడింటిదాకా నిద్రపోయాను. మా ఆవిడ రెండుసార్లు లేపిందట.

డిసెంబరు 1

తీర్పు వచ్చింది. ఆగస్టు తీర్పు కొట్టేశారు. వేలం ఆపేశారు. కొత్తగా నోటీసు ఇచ్చి, ఆమె చెప్పేది విని, మళ్లీ తేల్చాలి. ఒక వాక్యం ఇక్కడ ఎత్తి రాసుకుంటున్నాను: "బాకీ నిజమే కావచ్చు. అయినా బాకీదారు చెప్పుకునేది వినకుండా ఇచ్చిన తీర్పు చెల్లదు."

నాకు మెమో. ఒక ఇంక్రిమెంటు కోత, పదిహేను రోజుల జీతం కోత. పాత ఫారాలు రద్దు. కొత్త ఫారంలో అచ్చు వాక్యం లేదు. ఎక్కడ, ఎన్ని గంటలకి, ఎవరి చేతికి, అక్కడ ఏం చూశారు. అన్నీ ఖాళీలే.

సెక్రటరీ గారు రెండు వారాలుగా నాతో మాట్లాడటం లేదు. ఇవాళ మెమో చేతికిస్తూ, "ఇది తలుపుకి అంటించమంటావా?" అన్నారు. అంటే కాస్త మెత్తబడ్డట్టే.

డిసెంబరు 4

పిండిమరకి వెళ్లాను. అక్క వాళ్ల అత్త మంచం మీదే ఉంది.

"పిండికా?"

"కాదు పెద్దమ్మా, కాగితం." చూపించాను.

"కాగితాలు మేం మర పట్టం నాయనా."

అక్క వచ్చి చెయ్యి తుడుచుకుని నోటీసు తీసుకుంది. మోటారు ఆపింది. ప్రతి అక్షరం చదివింది. వెనక వైపు కూడా తిప్పి చూసింది. అక్కడేమీ లేదు. తర్వాత సంతకం పెట్టింది. కాగితం మీద వేలిముద్రంత పిండి అంటింది. తుడవబోతే, "ఉండనీ. వచ్చావనడానికి అదే సాక్షి" అంది.

ఫారంలో రాశాను: మర దగ్గర. పదకొండు పది. ఆమె చేతికి. మర నడుస్తోంది. తలుపు లేదు.

డిసెంబరు 22

ఇవాళ విచారణ నలభై నిమిషాలు పట్టింది. ఆగస్టులో నాలుగు.

మోటారు సొసైటీవాళ్లే తెప్పించి ఇచ్చిందట. నాలుగు నెలల్లో రెండుసార్లు కాలిపోయింది. మళ్లీ బాగుచేయించుకునేదాకా మర ఆగిపోయింది. మార్చమని పోయినేడు ఉత్తరం రాసి ఇచ్చానంది. సెక్రటరీ గారు అలాంటిదేమీ రాలేదన్నారు. మేడమ్ వచ్చిన ఉత్తరాల రిజిస్టరు తెప్పించారు. నంబరుంది. తీసుకున్నట్టు పొట్టి సంతకం ఉంది. ఆ సంతకం నాదే.

నాకు గుర్తు లేదు. కట్ట విప్పి వెతికితే ఉత్తరం దొరికింది. కవరు కూడా చింపలేదు.

ఉత్తరం చదివాక సెక్రటరీ గారే లేచి, "ఇది అప్పుడే చూసుంటే ఇంతదూరం వచ్చేది కాదు మేడమ్" అన్నారు. ఆయన ఆ మాట అంటారనుకోలేదు.

మర ఆగిన నెలలకి అపరాధ వడ్డీ తీసేశారు. మిగతా బాకీ రెండేళ్లలో నెల వాయిదాలుగా కట్టాలి. మర జోలికి పోకూడదు. "ఇది కట్టగలవా?" అని మేడమ్ అడిగారు. అక్క వేళ్ల మీద లెక్క వేసుకుంది. అందరూ ఆగారు. "కట్టగలను" అంది.

జనవరి 6

తీర్పు నకలు ఇవ్వడానికి వెళ్లాను. అక్క సంతకం పెట్టి, మొదటి వాయిదా నా చేతికే ఇవ్వబోయింది. వద్దన్నాను, ఆఫీసులో కట్టి రశీదు తీసుకోమన్నాను. "ఇప్పుడు తెలివి వచ్చింది నీకు" అంది.

వాళ్ల అత్త నన్ను గుర్తుపట్టింది. మంచం కాస్త జరిపి దారి ఇచ్చింది. పనేమీ లేకపోయినా లోపలికెళ్లి బయటికొచ్చాను.

వచ్చేటప్పుడు, "తలుపు ఎప్పుడు పెట్టిస్తావక్కా?" అని అడిగాను.

"పెట్టిస్తే మీవాళ్లు మళ్లీ ఏదో ఒకటి అంటిస్తారు తమ్ముడూ" అంది.

ఆమె నవ్వలేదు. మోటారు వేసుకుంది. నాకు వాగు దగ్గరకి వచ్చాక నవ్వొచ్చింది. ఇసుక మీదే నడిచి వచ్చాను. నీళ్లు లేవు.